ఎవరి సినిమాకో మన సంగీతం

1958లో రోమ్ నగరంలో ముప్పై ఏళ్లు నిండీ నిండని ఓ సంగీతజ్ఞుడికి ఇటలీ ప్రభుత్వ ప్రసార సంస్థ ‘రాయ్’లో ఉద్యోగం దొరికింది. ఇంట్లో భార్య, చంటిబిడ్డ. ఆస్తి అంటూ ఉన్నది సంగీత కళాశాల ఇచ్చిన డిప్లొమాలే. మన ఇళ్లలో అయితే ఆ సాయంత్రమే పక్కింటికి కూడా స్వీట్లు వెళ్లిపోయేవి. అతను మొదటిరోజు ఆఫీసుకి వెళ్లాడు. ఇక్కడ పనిచేసేవాళ్లు రాసిన సంగీతాన్ని సంస్థ ప్రసారం చెయ్యదని, అది ఇక్కడి నిబంధన అని చెప్పారు. ఆ రోజే ఉద్యోగం వదిలేసి ఇంటికి వచ్చేశాడు.

ఇది చదివి ఆవేశపడి రేపు మీ మేనేజర్ బల్లమీద రాజీనామా పెట్టకండి. తర్వాత అతను ఏం చేశాడో కూడా వినండి. ఆర్‌సీఏ అనే రికార్డు కంపెనీలో ఇతరుల పాటలకు వాద్యాలు అమర్చిపెట్టే పనికి ఒప్పుకున్నాడు. పాట ఒకరిది, గొంతు ఒకరిది, రికార్డు అట్టమీద బొమ్మ ఇంకొకరిది. మర్యాదలో చూసినా, భద్రతలో చూసినా వదిలేసిన ఉద్యోగం కంటే ఇది తక్కువే. కానీ ఒక్క తేడా ఉంది. అక్కడ ఉంటే జీతం వస్తుంది, రాసింది వినపడదు. ఇక్కడ పేరు వినపడదు, రాసింది మాత్రం దేశమంతా మోగుతుంది.

తనకు కావలసింది ఏమిటో అంత స్పష్టంగా తెలిసిన ఆ మనిషి పేరు ఎన్నియో మొరికోనే. 1928లో రోమ్‌లో పుట్టి 2020లో అక్కడే కన్నుమూసిన ఈ స్వరకర్త నాలుగు వందలకు పైగా సినిమాలకు, టీవీ చిత్రాలకు సంగీతం రాశాడు. కౌబాయ్ సినిమా అనగానే మన చెవుల్లో మోగే ఆ ఈల ఆయన చలవే. 1971లో కృష్ణ టోపీ పెట్టి గుర్రమెక్కిన ‘మోసగాళ్ళకు మోసగాడు’ చూసి ఈలలు వేసిన మన తాతలకు మొరికోనే పేరు తెలియకపోవచ్చు. ఆ తరహా సినిమాకు ప్రపంచమంతటా ఒక చప్పుడు తెచ్చిపెట్టింది మాత్రం ఈ ఇటలీ మనిషే.

వ్యక్తిత్వ వికాసం గురించి చెప్పేటప్పుడు క్రికెటర్లనీ, కంపెనీ అధిపతులనీ ఉదాహరణగా తీసుకోవడం అలవాటైపోయింది. నన్నడిగితే సినిమా సంగీత దర్శకుడి జీవితం మనలో ఎక్కువమందికి దగ్గరగా ఉంటుంది. ఎందుకంటే అతను చేసేది ఎప్పుడూ ఎవరి సినిమాకో. కథ అతనిది కాదు. డబ్బు అతనిది కాదు. తేదీ అతని చేతిలో ఉండదు. పైగా దర్శకుడు ‘ఏదో తేడాగా ఉందండీ’ అంటాడు, ఏది తేడాగా ఉందో చెప్పలేడు. ఆ పరిస్థితిలో తనది అనే గొంతు నిలుపుకోవాలి. ఆఫీసుల్లో, ఏజెన్సీల్లో, సాఫ్ట్‌వేర్ సంస్థల్లో పనిచేసే మనం రోజూ ఎదుర్కొనేది ఇదే కదా!

పేరు లేని రోజులు

మొరికోనే తండ్రి మారియో ట్రంపెట్ వాయించేవాడు. రెండో ప్రపంచ యుద్ధకాలంలో రోమ్‌లో రాత్రిపూట క్లబ్బుల్లో వాయిస్తే ఇల్లు గడిచేది. తండ్రికి ఒంట్లో బాగాలేనప్పుడు కొడుకు ఆ ట్రంపెట్ పట్టుకుని వెళ్లేవాడు. సైనికుల ముందు వాయిస్తే కొన్నిసార్లు డబ్బుకు బదులు తిండి ఇచ్చేవారు. పొట్టకోసం వాయించడం తనకు అవమానంగా అనిపించేదని తర్వాత ఆయనే చెప్పుకున్నాడు. పగలు సాంతా సెసీలియా సంగీత కళాశాల. అక్కడ నాలుగేళ్ల హార్మనీ కోర్సును ఆరునెలల్లో ముగించాడని చెబుతారు. ట్రంపెట్‌లో, ఆ తర్వాత స్వరరచనలో డిప్లొమాలు. గురువు గోఫ్రెడో పెత్రాస్సీ ఆనాటి ఇటలీలో గొప్ప పేరున్న శాస్త్రీయ స్వరకర్త.

అంత చదువు చదివి, పాప్ పాటలకు వాద్యాలు అమర్చడమా? కళాశాల మిత్రుల దృష్టిలో అది పతనం. మొరికోనే కూడా ఆ పని గురించి గొప్పగా చెప్పుకోలేదు. కానీ చేతులు దులుపుకుంటూ చెయ్యలేదు. 1960లో జాన్ని మెచ్చా అనే గాయకుడు ఒక ఖాళీ డబ్బా మీద పాట పాడాడు. ఇంకొకరైతే నాలుగు వయొలిన్లు, ఒక గిటారు పెట్టి వదిలేసేవారు. మొరికోనే నిజంగానే డబ్బా దొర్లే చప్పుడుని తాళంలో కలిపేశాడు. పాట హిట్టయింది. శ్రోతలకు గాయకుడు గుర్తున్నాడు, అమర్చినవాడి సంగతి ఎవరూ అడగలేదు. ఆయనకు మాత్రం ఒక విషయం తెలిసిపోయింది: చప్పుడు కూడా వాద్యమే. కొన్నేళ్ల తర్వాత కొరడా దెబ్బ, గుడి గంట, తుపాకీ మోత ఆయన స్వరాల్లోకి వచ్చాయంటే దానికి బీజం ఆ అనామక పనిలోనే పడింది.

మన దగ్గరా ఇదే దారి. కొవ్వూరులో పుట్టిన కీరవాణి, సంగీత దర్శకుడు చక్రవర్తి గారి దగ్గర సహాయకుడిగా పనిచేశాకే 1990లో ‘మనసు మమత’తో తెరమీద పేరు చూసుకున్నాడు. రాజ్-కోటి కూడా చక్రవర్తి శిబిరంలో పనిచేసినవాళ్లే. ఆ రాజ్-కోటి దగ్గర కీబోర్డు వాయించిన కుర్రాడు ఏ.ఆర్.రెహమాన్. ఇళయరాజా జి.కె.వెంకటేశ్ దగ్గర ఏళ్లపాటు చేసి, 1976లో ‘అన్నక్కిళి’తో బయటికొచ్చాడు. వీళ్లెవరూ ‘నా టాలెంటుకి ఇదా’ అనుకుంటూ మూల కూర్చోలేదు. ఇంకొకరి పని మీద చేయి తిప్పడం నేర్చుకున్నారు. ఇంకొకరి సినిమా కదా, తప్పు జరిగితే తిట్లు గురువుకే. అంతకన్నా చవగ్గా ప్రయోగాలు చేసుకునే ప్రయోగశాల ఎక్కడ దొరుకుతుంది?

కాబట్టి మీ ప్రజెంటేషన్ మీద పైవాడి పేరు పడిందని కుమిలిపోయేముందు ఒక ప్రశ్న వేసుకోండి. ఆ పనిలో మీరు కొత్తగా నేర్చుకున్నది ఏమైనా ఉందా? ఉంటే జీతం కాక ఇంకేదో కూడా మీ చేతికి వచ్చినట్టే. ఏమీ లేకుండా రెండేళ్లు గడిచాయంటే మాత్రం ‘రాయ్’ ఆఫీసు గుర్తుచేసుకోవచ్చు.

లేని ఆర్కెస్ట్రా

1964. సెర్జియో లియోనే అనే దర్శకుడు తక్కువ ఖర్చుతో ఒక కౌబాయ్ సినిమా తీస్తున్నాడు. పేరు ‘ఎ ఫిస్ట్‌ఫుల్ ఆఫ్ డాలర్స్’. అమెరికా సినిమా అనిపించుకోవాలని చాలామంది మారుపేర్లు పెట్టుకున్నారు. దర్శకుడు బాబ్ రాబర్ట్‌సన్ అయ్యాడు, మన మొరికోనే డాన్ సావియో అయ్యాడు. తమాషా ఏమిటంటే దర్శకుడూ సంగీత దర్శకుడూ ఒకప్పుడు ఒకే బడిలో ఒకే తరగతి పిల్లలు. ఇంటికొచ్చిన లియోనేని చూసి మొరికోనేకి ఆ మొహం ఎక్కడో చూసినట్టనిపించిందట.

కొన్నేళ్ల కిందట ఆర్‌సీఏలో ఒక అమెరికన్ జానపద గీతానికి మొరికోనే వాద్యాలు అమర్చాడు. లియోనే దాన్ని విని, నాకు ఇదే కావాలన్నాడు. మొరికోనే ఆ అమరికను అలాగే ఉంచి, గాయకుడి గొంతు తీసేసి, ఆ చోట కొత్త ట్యూన్ పెట్టి అలెస్సాండ్రో అలెస్సాండ్రోని చేత ఈల వేయించాడు. ప్రపంచాన్ని ఊపేసిన ఆ సంగీతం వెనక ఉన్న అసలు రహస్యం ఇంతే: ఎప్పుడో ఎవరి పాటకో చేసిన అనామక పని.

పెద్ద ఆర్కెస్ట్రా పెట్టడానికి డబ్బు లేదు. హాలీవుడ్ పద్ధతిలో అరవై వయొలిన్లు ఎగసిపడే అవకాశమే లేదు. ఎలక్ట్రిక్ గిటారు, ఈల, మగగొంతుల కేకలు, కొరడా చప్పుడు, సిసిలీ పల్లెల్లో వాయించే ‘మర్రన్‌జానో’. ఈ చివరిది మనకు పరాయిదేమీ కాదు. మన కర్ణాటక సంగీత కచేరీల్లో మృదంగం పక్కన పళ్ల మధ్య పెట్టుకుని వాయించే మోర్సింగ్‌కి అన్నదమ్ములాంటిది. కౌబాయ్ సినిమాలో ఇనుప తీగ మీద వేలు మీటుతుంటే ఎడారి ఎండ కళ్లముందు కనపడింది.

నిండు ఆర్కెస్ట్రా ఇచ్చి ఉంటే ఏం జరిగేదో చెప్పనా? అప్పటికే హాలీవుడ్‌లో వంద సినిమాలు అలా వచ్చాయి, ఇది నూట ఒకటోది అయ్యేది. లేమి వల్ల తప్పనిసరై వెతుక్కున్నదే సంతకం అయింది. అలాగని పేదరికం గొప్పదని ఉపన్యాసం ఇవ్వను. డబ్బుంటే ఆయనే వయొలిన్లు పెట్టేవాడు. తర్వాతి సినిమాల్లో పెట్టాడు కూడా. కానీ ‘బడ్జెట్ లేదు, టీమ్ లేదు, టైమ్ లేదు’ అన్న పల్లవి దగ్గరే ఆగిపోయేవాళ్లు చరణంలోకి వెళ్లరు. మొరికోనే చరణంలోకి వెళ్లాడు. లేనివాటి జాబితా పక్కన పెట్టి, ఈ గదిలో ఏమేమి మోగుతాయి అని చూశాడు.

రెండేళ్లకు వచ్చిన ‘ది గుడ్, ది బ్యాడ్ అండ్ ది అగ్లీ’లో ఆ లెక్క పూర్తిగా ఒంటబట్టింది. ఒకే చిన్న రెండు స్వరాల అరుపు. తోడేలులాంటి కొయొట్ అనే అడవి జంతువు ఊళలోంచి పుట్టింది. అదే స్వరాన్ని మంచివాడికి వేణువు మీద, చెడ్డవాడికి ఒకరినా అనే మట్టి ఊదుడు వాద్యం మీద, మూడోవాడికి మనిషి గొంతుతో వేయించాడు. ట్యూన్ ఒకటే, మనుషులు ముగ్గురు. చిన్న వస్తువుని ఎన్ని వైపుల నుంచి చూడొచ్చో తెలిసిన బుర్ర అది.

ఎక్కడ పట్టుబట్టాలి?

ఇప్పుడు అసలు కష్టమైన చోటికి వద్దాం. దర్శకులు ఎడిటింగ్ చేసుకునేటప్పుడు ఖాళీగా ఉంటే బాగుండదని ఏదో పాత సినిమా సంగీతం తాత్కాలికంగా పెట్టుకుంటారు. రోజూ దాన్నే వింటూ దాంతో ప్రేమలో పడిపోతారు. తర్వాత సంగీత దర్శకుడు ఏం తెచ్చినా ‘అంత రాలేదండీ’ అంటారు. హైదరాబాద్ అయినా, రోమ్ అయినా ఇది సినిమావాళ్లందరికీ తెలిసిన జబ్బే.

‘ఫిస్ట్‌ఫుల్’ చివరి పోరాటానికి లియోనే కూడా అదే చేశాడు. ‘రియో బ్రావో’ సినిమాలోని ఒక ట్రంపెట్ స్వరాన్ని పెట్టుకుని, అదే వాడదామన్నాడు. అది దిమిత్రి తియోంకిన్ చేసినది. మొరికోనే ససేమిరా అన్నాడు. ఇంకొకరి సంగీతం వాడితే సినిమా వదిలేస్తానన్నాడు. లియోనే కొంత దిగాడు: సరే, నువ్వే రాయి, కానీ ఆ ఛాయ ఉండాలి. అప్పుడు మొరికోనే కూడా కొంత దిగాడు. ఒకప్పుడు టీవీ నాటకానికి రాసుకున్న జోలపాటని బయటికి తీసి, ట్రంపెట్ మీద ఆ వాయింపు పద్ధతిలో వాయించేలా మార్చాడు. దర్శకుడికి కావలసిన రుచి వచ్చింది, స్వరం మాత్రం మొరికోనేదే.

ఇందులో పట్టుదల ఎంతుందో లౌక్యం అంతే ఉంది. పట్టుబట్టింది ఒకే ఒక్క విషయం మీద: రాసేది నేనే. ఎలా ఉండాలి, ఏ వాద్యం, ఎంతసేపు, వీటిమీద ఎంతైనా సర్దుకుంటాను. మనలో చాలామంది దీన్ని తిరగేసి చేస్తాం. ఫాంట్ సైజు మీద గంటన్నర వాదించి, అసలు ఆలోచన చేజారిపోతుంటే ‘సరేలెండి సార్’ అనేస్తాం. మీ పనిలో వదులుకోలేనిది ఒక్కటి ముందే రాసిపెట్టుకోండి. ఆ ఒక్కటి తప్ప మిగిలినదంతా బేరానికి పెట్టొచ్చు.

ఓడిపోయిన సందర్భాలూ ఉన్నాయి. ‘ది అన్‌టచబుల్స్’ సినిమాకి బ్రయాన్ డి పాల్మా పోలీసుల విజయానికి తగిన ఒక స్వరం అడిగాడు. మొరికోనే ఒకటి కాదు, తొమ్మిది రాసిచ్చాడు. ఆరో నంబరు మాత్రం తీసుకోకండి, అది అన్నిటిలోకి తక్కువది అని చెప్పాడు. దర్శకుడు ఏది ఎంచుకున్నాడో చెప్పక్కర్లేదనుకుంటాను. ఆరో నంబరే! మొరికోనే దీన్ని నవ్వుతూ చెప్పుకునేవాడు. ఆ సినిమా సంగీతానికి ఆస్కార్ నామినేషన్ వచ్చింది.

ఇలాంటివి జరిగీ జరిగీ ఆయన ఒక పద్ధతి పెట్టుకున్నాడు. దర్శకులకు నాలుగైదు ట్యూన్లు వినిపిస్తే అందులో నాసిరకందే ఎంచుకుంటున్నారని గమనించి, ముందు ఇంట్లో భార్య మరియాకి వినిపించడం మొదలుపెట్టాడు. ఆమె సంగీత విద్వాంసురాలు కాదు. థియేటర్లో కూర్చునే మామూలు మనిషి చెవి ఆమెది. ఆమె బాగుందన్నవే దర్శకుడి దగ్గరికి వెళ్లేవి. ఇక దర్శకుడు ఏది ఎంచుకున్నా ఫరవాలేదు. ఎంపిక చేసే అధికారం అవతలివాడిదే అయినా, ఎంపికకు పెట్టేది మనమే అన్న సూక్ష్మం ఇందులో ఉంది. క్లయింటుకి మూడు డిజైన్లు పంపాలి కదా అని మంచివి రెండు, ‘ఊరికే’ ఒకటి పంపుతుంటారు చాలామంది. ఆ ఊరికే పంపినదే ఓకే అయి, ఆరునెలలపాటు మీ ప్రాణం తీస్తుంది. పంపకండి.

రాయకపోవడం కూడా పనే

1968లో ‘వన్స్ అపాన్ ఎ టైమ్ ఇన్ ది వెస్ట్’ వచ్చింది. దీనికి సంగీతం షూటింగుకి ముందే రికార్డు చేశారు. సెట్లో దాన్ని మోగిస్తుంటే నటులు ఆ నడకలో నడిచారు, కెమెరా ఆ వేగంలో కదిలింది. స్వరకర్తకి ఇంతకన్నా గౌరవం ఏముంటుంది?

అయినా సినిమా మొదట్లో ముగ్గురు తుపాకీ మనుషులు రైలు కోసం కాచుక్కూర్చునే ఆ పొడవాటి దృశ్యంలో సంగీతమే లేదు. గాలిమర కిర్రుమంటుంది. ఈగ ముసురుతుంది. నీటిబొట్టు టోపీ మీద పడుతుంది. దీని వెనక మొరికోనే చెప్పిన ముచ్చట ఒకటి ఉంది. ఫ్లోరెన్స్ నగరంలో ఒక ప్రదర్శన చూశాడు. ఒకాయన వేదిక మీదికొచ్చి, నిచ్చెనని కిర్రుకిర్రుమనిపిస్తూ ఉండిపోయాడు. కాసేపటికి ఆ నిశ్శబ్దంలో ఆ చప్పుడే ఇంకేదో అయిపోయింది. మొరికోనే ఈ సంగతి లియోనేకి చెప్పాడు. లియోనే దాన్ని సినిమా మొదట్లోకి తెచ్చాడు.

ఆలోచించండి. సంగీతానికి డబ్బు తీసుకునే మనిషి, ఇక్కడ సంగీతం లేకపోతే బాగుంటుందనే ఆలోచన ఇస్తున్నాడు. సొంత పని మీద ఎంత నమ్మకం ఉంటే అది సాధ్యం! మనకి మీటింగులో నోరు తెరవకపోతే ఉనికి పోతుందని భయం. రిపోర్టు పన్నెండు పేజీలు లేకపోతే కష్టపడలేదనుకుంటారని భయం. తెలుగు సినిమాలో ఈమధ్య హీరో తలుపు తీసినా నేపథ్య సంగీతం దద్దరిల్లుతోంది. చెవులు చిల్లులు పడేలా మోగిస్తేనే ఎలివేషన్ అనుకునే కాలంలో ఆ నీటిబొట్టు దృశ్యం ఒకసారి చూడమని సంగీతం చేసే కుర్రాళ్లకి నా విన్నపం.

రెండో బల్ల

మొరికోనే జీవితంలో నన్ను ఎక్కువగా ఆకట్టుకునేది ఇది. పగలంతా సినిమాలకి రాస్తూనే, రోమ్‌లో ‘నువోవా కన్సొనాన్జా’ అనే బృందంలో ట్రంపెట్ వాయించేవాడు. అందరూ స్వరకర్తలే. ముందే అనుకోకుండా, ట్యూన్ లేకుండా, వాద్యాల్ని గీకి, కొట్టి, ఊది వింత చప్పుళ్లు పుట్టించేవాళ్లు. టికెట్లు తెగే వ్యవహారం కాదది. దీంతోపాటు కచేరీ వేదికల కోసం వందకు పైగా రచనలు విడిగా రాశాడు. సినిమా బల్ల మీద దర్శకుడు చెప్పింది, ఈ రెండో బల్ల మీద తనకు తోచింది.

దాంతో రెండు లాభాలు. రెండో బల్ల మీద పుట్టిన వింతలు మెల్లగా మొదటి బల్ల మీదికి చేరాయి. ఆయన సంగీతం రాసిన భయానక చిత్రాల్లో ఆ గీకుడూ ఆ గొణుగుడూ వినిపిస్తాయి. రెండో లాభం మనసుకి సంబంధించింది. ఏ దర్శకుడో కాదన్నప్పుడు మనిషి మొత్తం కాదన్నట్టు కుంగిపోనక్కర్లేదు. ఇంకో బల్ల ఉంది.

కానీ ఆ రెండో ప్రపంచంలో ఆయనకు వెంటనే మర్యాద దక్కలేదు. సినిమావాడయిపోయాడని శాస్త్రీయ సంగీత మిత్రులు చిన్నచూపు చూశారు. గురువు పెత్రాస్సీ ఏమనుకుంటాడోనని ఆయన లోపల చాలా ఏళ్లు బాధపడ్డాడు. 1984లో వచ్చిన ‘వన్స్ అపాన్ ఎ టైమ్ ఇన్ అమెరికా’ విన్నాక ఒక సహాధ్యాయి, ఇన్నాళ్లూ తక్కువగా అంచనా వేసినందుకు మన్నించమంటూ ఉత్తరం రాశాడు. డిప్లొమా తీసుకున్న ముప్పై ఏళ్లకి! మీ బ్యాచ్ వాట్సాప్ గ్రూపులో రేపే చప్పట్లు పడాలని చూడకండి.

రోజువారీ పద్ధతి మాటకొస్తే, తెల్లవారక ముందే లేవడం, ఇంట్లోనే వ్యాయామం, పేపరు చదవడం, తర్వాత బల్ల దగ్గరికి. పియానో ముందు కూర్చుని వెతుక్కునే అలవాటు లేదు. ఏ వాద్యం ఏ స్వరం వాయించాలో నేరుగా కాగితం మీద రాసేసేవాడు. మన ఇళయరాజా గారి పద్ధతీ ఇదే. హాలీవుడ్‌లో చాలామంది ట్యూన్ రాసి, వాద్యాల అమరికని వేరేవాళ్లకి అప్పగిస్తారు. మొరికోనే దాన్ని ఒప్పుకునేవాడు కాదు, తన చేత్తోనే రాసుకునేవాడు. అమెరికా వచ్చెయ్యండి, ఇల్లు ఇస్తామన్నా రోమ్ వదల్లేదు. ఇంగ్లిష్ నేర్చుకోలేదు. స్పోకెన్ ఇంగ్లిష్ రాలేదని కుంగిపోయే మన పిల్లలకి ఇది చెప్పాలనిపిస్తుంది, కాకపోతే దాంతోపాటు నాలుగు వందల సినిమాల పని కూడా చూపించాలి. ఆటవిడుపు చదరంగం. మాజీ ప్రపంచ ఛాంపియన్ బోరిస్ స్పాస్కీ ఒకేసారి చాలామందితో ఆడిన ఆటలో డ్రా చేసుకోవడం ఆయన గర్వంగా చెప్పుకున్న విజయాల్లో ఒకటి.

అలిగినా ఆగలేదు

1986లో ‘ది మిషన్’ సినిమా చూసి మొరికోనే కన్నీళ్లు పెట్టుకున్నాడట. దీనికి సంగీతం అక్కర్లేదు, నేను పాడుచేస్తాను అని మొదట ఒప్పుకోలేదు. తర్వాత రాశాడు. కథలో మతబోధకుడు అడవిలో ఓబో అనే వాద్యం వాయిస్తాడు. కాబట్టి తెరమీద వేళ్లు కదిలే తీరుకి తగినట్టు, పద్దెనిమిదో శతాబ్దపు పద్ధతిలో ఓబో స్వరం కట్టాలి. అన్ని కట్లు వేసినా అందులోంచి వచ్చింది ఆయన జీవితంలోనే అందరూ తలుచుకునే స్వరం. ఆస్కార్ ఆయనదే అనుకున్నారు. ఇచ్చింది ‘రౌండ్ మిడ్‌నైట్’కి. అందులో చాలా భాగం అప్పటికే ఉన్న సంగీతం. మొరికోనే తన బాధని దాచుకోలేదు, బాహాటంగానే చెప్పాడు.

నాకిది నచ్చింది. పురస్కారాలు పట్టవు అని నటించే పెద్దమనుషుల కన్నా, పట్టింది, బాధపడ్డాను, మర్నాడు బల్ల దగ్గర కూర్చున్నాను అనే మనిషి నిజాయితీపరుడు. రెండేళ్లకి ‘సినిమా పారడీసో’ వచ్చింది. అందులో ప్రేమ స్వరం కొడుకు ఆంద్రియా కట్టింది.

2007లో గౌరవ ఆస్కార్ ఇచ్చారు. ఇక వృద్ధాప్య సన్మానంతో కథ ముగిసిందనుకున్నారు. అప్పుడు క్వెంటిన్ టరంటినో ‘ది హేట్‌ఫుల్ ఎయిట్’ పట్టుకొచ్చాడు. మళ్లీ కౌబాయ్‌లే. పాత ఈల, పాత కొరడా ఇస్తే జనం ఎగిరి గంతేసేవారు. ఎనభై ఆరేళ్ల పెద్దాయన అది చెయ్యలేదు. బసూన్ అనే ఊదుడు వాద్యాల బొంగురు గొంతుతో, భయానక చిత్రంలాంటి సంగీతం రాశాడు. తను రాసిన నాలుగు వందల్లో గుర్రాల సినిమాలు పదో వంతు కూడా లేవని, అయినా జనం వాటినే పట్టుకు వేలాడతారని ఆయనకి ఎప్పటినుంచో విసుగు. టైమ్ తక్కువ ఉండటంతో పాత పెట్టెలో ఉన్నవీ కొన్ని వాడారు. అవి 1982లో జాన్ కార్పెంటర్ తీసిన ‘ది థింగ్’ కోసం రాసి, ఆ సినిమాలో వాడకుండా వదిలేసినవి. అప్పట్లో ‘ది థింగ్’ సంగీతానికి చెత్త సినిమాలకిచ్చే ‘రాజీ’ పురస్కారాల్లో నామినేషన్ కూడా దక్కింది. ఆ సినిమాకే పనికిరావని మిగిలిపోయిన ముక్కలు ముప్పై మూడేళ్లకి ఇంకో సినిమాలో మోగాయి, ఆ సినిమా సంగీతానికే 2016లో ఆయనకి పోటీలో గెలిచిన మొదటి ఆస్కార్ వచ్చింది. తొంభై ఏళ్ల వయసులో, 2019లో కూడా ఆర్కెస్ట్రా ముందు నిలబడి కచేరీలు నడిపాడు.

ఈ రంగంలోకి రావాలనుకునేవాళ్లకి

సంగీత దర్శకుడు కావాలంటే ఏం చెయ్యాలని అడుగుతూ ఉత్తరాలు రాసే యువతీ యువకులకు రెండు మూడు పచ్చి విషయాలు చెబుతాను. పాట వేరు, ఆర్‌ఆర్ వేరు. ఆర్‌ఆర్ అంటే రీరికార్డింగ్, అంటే నేపథ్య సంగీతం కట్టడం, విడిగా నేర్చుకోవలసిన విద్య. జాతీయ పురస్కారాల్లో పాటలకూ నేపథ్య సంగీతానికీ వేర్వేరు బహుమతులు ఉన్నది అందుకే. ‘నాటు నాటు’కి 2023లో ఆస్కార్ వచ్చిందని ఊరూవాడా తెలుసు. ఆ పాట ఉన్న సినిమా నేపథ్య సంగీతానికి కీరవాణి జాతీయ పురస్కారం అందుకున్న సంగతి ఎంతమందికి గుర్తుంది? మణిశర్మ కూడా రాంగోపాల్ వర్మ ‘రాత్రి’కి నేపథ్య సంగీతం చేస్తూనే వెలుగులోకి వచ్చినవాడు. పాట ఛాన్సు కోసం పదేళ్లు కాచుక్కూర్చునేకన్నా, లఘుచిత్రాలకి, డాక్యుమెంటరీలకి, వెబ్ సిరీస్‌లకి నేపథ్యం చేస్తే చేయి తిరుగుతుంది. నచ్చిన సినిమా దృశ్యాన్ని శబ్దం పూర్తిగా తగ్గించి, మీ సంగీతం పెట్టి చూసుకోండి. అదే దృశ్యానికి రెండోసారి సగం సంగీతం తీసేసి చూడండి.

సాఫ్ట్‌వేర్ ఎంత వచ్చినా నొటేషన్ చదవడం, రాయడం నేర్చుకోండి. వాయించే మనుషులతో మాట్లాడాలంటే వాళ్ల భాష రావాలి. విడుదల తేదీ ముందే పోస్టర్ మీద పడిపోతుంది, షూటింగ్ ఆలస్యమవుతుంది, గ్రాఫిక్స్ ఆలస్యమవుతాయి, చివర్లో మిగిలిన ఆ కాస్త సమయంలోనే ఆర్‌ఆర్ పూర్తి కావాలి. నిద్ర లేని రాత్రులు గొప్పలు చెప్పుకోవడానికి పనికొస్తాయి, స్వరానికి పనికిరావు. కాబట్టి మీ ట్యూన్ల పెట్టె ఎప్పుడూ నిండుగా ఉంచుకోండి. తిరస్కరించినవి తేదీ వేసి అందులోనే దాచండి.

చివరగా కాగితాలు. ఛాన్సు వచ్చిన ఆనందంలో చదవకుండా సంతకం పెట్టేవాళ్లు ఎక్కువ. 2012లో మన కాపీరైట్ చట్టాన్ని సవరించారు. సినిమా కోసం రాసినా సరే, థియేటర్లో సినిమాతో కలిపి వేయడం కాక మిగిలిన వాడకాల్లో స్వరకర్తకీ, గీత రచయితకీ రాయల్టీలో వాటా ఉంటుంది. ఆ హక్కు వదులుకుంటున్నానని రాయించుకున్నా చెల్లదు. ఈ రాయల్టీలు వసూలు చేసిపెట్టే ఐపీఆర్‌ఎస్ అనే సంస్థలో సభ్యత్వం తీసుకుని, మొదటి పాట విడుదలకి ముందే మీ రచనల్ని అక్కడ నమోదు చేయించుకోండి. సంతకం పెట్టేముందు ఆ ఒప్పందాన్ని సినిమాతో సంబంధం లేని ఒక లాయరుకి చూపించండి. అందుకయ్యే ఫీజు మీ మొదటి పారితోషికంలోంచే ఇవ్వండి.